విరిగింది ఎముక... జబ్బు ఎక్కడ?

ఎముక విరగాలంటే కింద పడాల్సిన పనిలేదు. కిడ్నీ జబ్బు, ఏళ్ల తరబడి వాడిన స్టెరాయిడ్లు, ఎక్కడో పుట్టిన క్యాన్సర్, రక్తంలోని జన్యులోపం... ఏదైనా ఎముకను తినేయొచ్చు. ఆ 'ఎందుకు' అనే ప్రశ్నను అంకెల్లోకి మార్చే పనిలో హైదరాబాద్ కుర్రకారు వేలల్లో ఉన్నారు.

తుమ్మితే వెన్నుపూస విరుగుతుందా? విరుగుతుంది. నీళ్ల బకెట్ ఎత్తితే, బస్సు గుంతలో పడి సీటు మీంచి ఎగిరితే, మంచం మీద అటు నుంచి ఇటు తిరిగినా విరగొచ్చు. వయసులో ఉన్నవాళ్లకు నవ్వులాటగా ఉంటుంది కానీ, ఎముకల డాక్టర్ల ఓపీలో ఇలాంటి మాటలు మామూలే.

"ఎట్ల పడ్డవ్ పెద్దమ్మా?"

"పడలే సారూ. బిందె దించుతుంటే నడుం కలుక్కుమన్నది. గంతే."

ఎక్స్‌రే తీస్తారు. వెన్నుపూస ముందువైపు కుంగిపోయి కనిపిస్తుంది. ఫిల్ములో ఎముక కుంగిన సంగతి తెలుస్తుంది గానీ ఎందుకు కుంగిందో చాలాసార్లు తెలియదు. ఆ పెద్దమ్మ ఐదారేళ్లుగా ఆయాసానికి స్టెరాయిడ్ బిళ్లలు మింగుతూ ఉండొచ్చు. కిడ్నీలు దెబ్బతిని ఉండొచ్చు. ఎప్పుడో ఆపరేషన్ చేసి తీసేసిన రొమ్ము క్యాన్సర్ మెల్లగా వెన్నులోకి పాకి ఉండొచ్చు. లేదంటే వయసే కావొచ్చు. నాలుగింటిలోనూ నొప్పి ఒకేలా ఉంటుంది, నడుముకు కట్టే బెల్టూ ఒకటే. చేయాల్సిన వైద్యం మాత్రం నాలుగు రకాలు.

అందుకే ఎముక డాక్టరు రాసే కాగితంలో 'విరిగింది' అన్న మాటకన్నా 'దీనివల్ల విరిగింది' అన్న మాట విలువైనది. ఆ రెండో మాట ఉందా లేదా అని రోజంతా వెతికే ఉద్యోగం ఒకటుంది. దాని పేరు మెడికల్ కోడింగ్.

కోడింగ్ అంటే ఆ కోడింగ్ కాదు

పెళ్లిచూపుల బయోడేటాలో 'కోడింగ్' అని చూసి అమ్మాయి సాఫ్ట్‌వేర్ అనుకున్న సంబంధాలు మనకు కొత్తేం కాదు. ఇక్కడ ప్రోగ్రాములు రాయడం ఉండదు. అమెరికాలో ఒక పేషెంటు ఆస్పత్రికి వెళ్తాడు. డాక్టరు రాసిన నోట్సు, ల్యాబ్ రిపోర్టులు, స్కాన్లు, ఆపరేషన్ వివరాలు అన్నీ కలిపి 'చార్ట్' అంటారు. ఆ చార్ట్ హైదరాబాద్‌లోనో చెన్నైలోనో ఒక కోడర్ కంప్యూటర్ మీదకు వస్తుంది. కోడర్ దాన్ని చదివి, ప్రతి జబ్బుకూ ఐసీడీ-10-సీఎం అనే పట్టికలోంచి ఒక కోడ్ ఇస్తాడు. ఆ కోడ్ల మీదే ఇన్సూరెన్స్ డబ్బు, ఆస్పత్రుల లెక్కలు, జబ్బుల గణాంకాలు ఆధారపడతాయి. అమెరికా 2015 అక్టోబర్ 1న పాత పట్టికను వదిలి దీనికి మారింది. పాతదాంట్లో దాదాపు 14 వేల కోడ్లుంటే దీంట్లో సుమారు 70 వేలు. ఏటా అక్టోబర్ 1న కొత్తవి చేరతాయి, కొన్ని పోతాయి.

బీఫార్మసీ, నర్సింగ్, ఫిజియోథెరపీ, బయోటెక్నాలజీ... ఏదో ఒక లైఫ్ సైన్స్ చదివి ఉద్యోగం కోసం తిరుగుతున్న పిల్లలకు ఇదో దారి. అమీర్‌పేట గోడల మీద జావా, పైథాన్ ఫ్లెక్సీల పక్కనే మెడికల్ కోడింగ్ ఫ్లెక్సీలూ కనిపిస్తాయి. సీపీసీ అనే సర్టిఫికెట్ పరీక్ష పాసైతే జీతం కాస్త మెరుగు. ఇదంతా చాలామందికి తెలిసిందే. తెలియనిది ఏంటంటే, ఈ 70 వేల కోడ్లలో కొత్తవాళ్లను బాగా తికమకపెట్టే వాటిలో ఎముకల అధ్యాయం ఒకటి. పట్టికలో అది 13వ అధ్యాయం, కోడ్లన్నీ 'ఎం' అక్షరంతో మొదలవుతాయి. కాలి మీద బండి ఎక్కితే విరిగిన ఎముకకు ఇక్కడ చోటు లేదు, దానికి 'ఎస్' అక్షరంతో గాయాల అధ్యాయం వేరే ఉంది. లోపలి జబ్బు వల్ల బలహీనపడి విరిగితేనే 'ఎం'.

మూడు సెకండరీలు

అసలు గొడవ 'సెకండరీ' అన్న చిన్న మాటతో మొదలవుతుంది. చార్ట్‌లో ఈ మాట మూడు రకాలుగా కనిపిస్తుంది.

డాక్టరు 'సెకండరీ ఆస్టియోపొరోసిస్' అంటే, ఎముకలు వయసు వల్ల కాకుండా వేరే జబ్బు వల్లో మందు వల్లో గుల్లబారాయని. 'బోన్ సెకండరీస్' అంటే అర్థం పూర్తిగా వేరు, క్యాన్సర్ ఎక్కడో పుట్టి ఎముకకు పాకిందని. మన దగ్గర కూడా క్యాన్సర్ వార్డుల్లో ఈ మాట వాడతారు. ఇక కోడర్ల భాషలో 'సెకండరీ డయాగ్నసిస్' అంటే జబ్బు పుట్టుకతో సంబంధమే లేదు, జాబితాలో మొదటిది కానిది అని మాత్రమే. ఒకే పేజీలో మూడూ ఉన్నాయనుకోండి, తొందరలో చదివే కోడర్ గుల్లబారిన ఎముకకు క్యాన్సర్ కోడ్ తగిలించే ప్రమాదం ఉంది. ఎముకకు పాకిన క్యాన్సర్ కోడ్ సీ79.51. అది పొరపాటున ఒకసారి రికార్డులోకి ఎక్కితే తర్వాత చూసే ప్రతి డాక్టరుకూ, ఇన్సూరెన్స్ కంపెనీకీ ఆ మనిషి క్యాన్సర్ రోగే. తీసేయించడం అంత సులువు కాదు.

ఈ గందరగోళాన్ని అదుపులో పెట్టడానికి పట్టికలో ఒక నియమం ఉంది: మూల వ్యాధి ముందు, దానివల్ల వచ్చిన ఎముక జబ్బు తర్వాత. 'ఎం90' అనే వర్గం మొత్తం దీనికోసమే. దాని పేరే 'వేరే చోట వర్గీకరించిన వ్యాధుల్లో వచ్చే ఎముక జబ్బులు'. సికిల్‌సెల్ ఉన్న కుర్రాడికి తుంటి ఎముక తలకు రక్తం అందక అది చచ్చుబడిందనుకోండి. ముందు రక్తం జబ్బు కోడ్ రావాలి, అది డి57 వర్గం. ఆ వెనక ఎం90.5. తిరగేసి రాస్తే ఆస్పత్రి క్లెయిములో కంప్యూటరే పట్టేస్తుంది, ఎం90 మొదటి వరసలో కూర్చోవడానికి వీల్లేదని. భద్రాచలం, ఆదిలాబాద్ ఏజెన్సీ గూడేల్లో సికిల్‌సెల్ ఉందని మనకు తెలుసు. 2047 నాటికి దీన్ని నిర్మూలించాలని కేంద్రం 2023 జూలైలో ఒక మిషన్ మొదలుపెట్టింది. ఏజెన్సీ కుర్రాడు 'తుంటి నొప్పి' అని వస్తే ముందు రక్తం సంగతి అడగాలని ఆ రెండు కోడ్ల వరసే చెబుతోంది.

అయితే 'మూలం ముందు' అన్నది అన్నిచోట్లా చెల్లదు. కొత్తవాళ్లు బోల్తా పడేది ఇక్కడే. మందు వికటించి ఎముక దెబ్బతింటే వరస తిరగబడుతుంది, ముందు ఎముక జబ్బు, తర్వాతే మందు కోడ్. క్యాన్సర్ వల్ల విరిగిన ఎముకదైతే మరో లెక్క. ఆ రోజు ఆస్పత్రిలో వైద్యం దేనికి చేశారో చూడాలి. తొడ ఎముకకు రాడ్ వేయడానికి చేర్చుకుంటే ఎముక విరుగు, అంటే ఎం84.5 ముందు. క్యాన్సర్‌కే వైద్యం చేస్తే క్యాన్సర్ కోడ్ ముందు. మనిషీ అదే, ఎముకా అదే, జబ్బూ అదే. మంగళవారం ఒక వరస, వచ్చే నెలలో ఇంకో వరస.

ఒక వెన్నుపూస, మూడు కథలు

ఉదాహరణకు ఒక చార్ట్ ఊహించుకుందాం. అమెరికాలో 68 ఏళ్లావిడ. కీళ్లవాతం, అంటే రుమటాయిడ్ ఆర్థరైటిస్ ఉంది. ఐదేళ్లుగా రోజూ ప్రెడ్నిసోన్ అనే స్టెరాయిడ్ వాడుతోంది. కారు డిక్కీలోంచి సరుకుల సంచి ఎత్తింది, వీపులో కలుక్కుమంది. 12వ ఛాతీ వెన్నుపూస కుంగింది. డాక్టరు నోట్సులో 'కంప్రెషన్ ఫ్రాక్చర్, ఆస్టియోపొరోసిస్' అని రెండు ముక్కలున్నాయి.

దీనికి మూడు రకాలుగా కోడ్ వేసే అవకాశం ఉంది.

అనుభవం లేని కోడర్ 'సంచి ఎత్తింది, విరిగింది' అని గాయం కింద ఎస్22.08 వేసేస్తాడు. ఇది తప్పు. నియమం స్పష్టంగానే ఉంది: ఆస్టియోపొరోసిస్ ఉందని తెలిసిన మనిషికి, మామూలు ఎముకను విరవలేనంత చిన్న దెబ్బకే ఎముక విరిగితే అది గాయం కాదు, ఎం80. రెండో కోడర్ ఆ సంగతి తెలిసినవాడు. వయసు 68 కదా అని వయసుతో వచ్చే ఆస్టియోపొరోసిస్ కింద ఎం80.08 వేస్తాడు. 'ఆస్టియోపొరోసిస్' అని మాత్రమే రాసి ఊరుకుంటే పట్టిక కూడా అటే చూపిస్తుంది. మూడోది, మందు వల్ల వచ్చిన ఆస్టియోపొరోసిస్ కింద ఎం80.88, దాని వెనక స్టెరాయిడ్ దుష్ప్రభావానికి టీ38.0, కీళ్లవాతానికి ఒకటి, దీర్ఘకాలం స్టెరాయిడ్ వాడుతున్నందుకు జెడ్79.52.

మొదటి కోడ్ చదివినవాడికి ఆవిడ ఏదో ప్రమాదంలో పడినట్టు అర్థమవుతుంది. రెండో కోడ్ ముసలితనం అంటుంది. మూడోది మాత్రమే, ఆమె రోజూ మింగుతున్న బిళ్ల ఎముకలను తోడేస్తోందని చెబుతుంది. ఆ మూడో కథ రికార్డులో ఉంటే తర్వాత చూసే డాక్టరు డోసు తగ్గించగలడేమో చూస్తాడు, ఎముకకు బలమిచ్చే మందు మొదలెడతాడు, ఎముక సాంద్రత పరీక్ష మళ్లీ రాస్తాడు. మొదటి రెండు కథలే ఉంటే బెల్టు కట్టి, నొప్పి మాత్రలిచ్చి పంపే అవకాశమే ఎక్కువ. ఆ పైన ఇంకో పూస కుంగుతుంది.

తెలుసు, కానీ రాయకూడదు

అయితే మూడో కథే నిజమని కోడర్‌కు దాదాపు అర్థమైపోయినా సరే, తనంతట తాను రాయకూడదు! మందుల జాబితాలో ప్రెడ్నిసోన్ కళ్ల ముందే ఉంది. ఫార్మసీ చదివిన పిల్ల కాబట్టి స్టెరాయిడ్ ఎముకను ఏం చేస్తుందో పుస్తకం చూడకుండా చెప్పగలదు. అయినా 'స్టెరాయిడ్ వల్ల' అని డాక్టరు రాయనంతవరకూ ఆ రెండింటినీ ముడిపెట్టే హక్కు ఆమెకు లేదు. కొన్ని జంటలకు మాత్రం పట్టికే ముడి వేసి ఇస్తుంది. షుగరూ, దీర్ఘకాల కిడ్నీ జబ్బూ రెండూ చార్ట్‌లో ఉంటే, డాక్టరు వేరుగా చెప్పనంతవరకూ ఆ రెండింటికీ సంబంధం ఉన్నట్టే. స్టెరాయిడ్‌కూ ఎముకకూ అలాంటి రాయితీ లేదు.

ఇంకో మెలిక కూడా ఉంది. డాక్టరు 'బహుశా స్టెరాయిడ్ వల్ల కావచ్చు' అని రాశాడనుకోండి. పేషెంటు ఆస్పత్రిలో చేరి డిశ్చార్జ్ అయ్యేటప్పుడు ఆ మాట అలాగే ఉంటే ఆస్పత్రి తరఫు కోడర్ దాన్ని ఖాయమైనట్టే తీసుకోవచ్చు. ఓపీలో చూపించుకుని వెళ్లిపోతే మాత్రం 'బహుశా'కు కోడ్ లేదు, లక్షణాలకే వేయాలి. ఇది మొదటిసారి విన్నవాళ్లు నవ్వుతారు. కానీ పరీక్షలో ఈ ప్రశ్న వస్తుంది.

మరి డాక్టరు ఏమీ రాయకపోతే? అడగాలి. దాన్ని 'క్వెరీ' అంటారు. అడగడానికీ పద్ధతుంది. 'ఇది స్టెరాయిడ్ వల్లే కదా డాక్టర్?' అని అడిగితే నోట్లో మాట పెట్టినట్టు, ఆడిట్‌లో తప్పు పడుతుంది. వివరాలు ముందు పెట్టి, ఇందులో ఆస్టియోపొరోసిస్ ఏ రకం అని వయసు వల్ల, మందు వల్ల, ఇతరం, చెప్పలేం అని నాలుగు దారులూ చూపించి డాక్టరుకే వదిలేయాలి. కోర్టులో సాక్షిని ప్రశ్నించే పద్ధతిలా ఉందనిపిస్తుంది. అనుమానానికి కారణం ఉంది. కొన్ని జబ్బుల కోడ్లకు ఇన్సూరెన్స్ నుంచి ఎక్కువ డబ్బొస్తుంది. కోడర్ ఊహలకు గేటు తెరిస్తే లేని జబ్బులన్నీ రికార్డుల్లోకి వచ్చిపడతాయి.

కాగితం మీద ఇంత బాగున్న క్వెరీ, ఫ్లోర్ మీద అంత తేలిగ్గా జరగదు. కోడర్‌కు గంటకు ఇన్ని చార్ట్‌లని టార్గెట్. ఖచ్చితత్వం సాధారణంగా 95 శాతం ఉండాలి. క్వెరీ పంపితే ఆ చార్ట్ పెండింగ్‌లో పడుతుంది. సముద్రాల అవతలి డాక్టరు ఎప్పుడు జవాబిస్తాడో తెలియదు. పంపకపోతే ఎం80.08 వేసి దాటిపోవచ్చు. డాక్టరు రాసినంతవరకే కోడ్ వేసింది కాబట్టి ఆడిటర్ కూడా దాన్ని తప్పు అనడం కష్టం. తప్పు కాని కోడ్, నిజం కాని కోడ్ ఒకటే అయ్యే చోటు ఇది. ఈ లెక్కల్లో మంచి కోడర్ అంటే ఎక్కువ చార్ట్‌లు దాటించినవాడు అని కొలవడం నా దృష్టిలో పొరపాటు. ఎక్కడ ఆగాలో తెలిసినవాణ్ని కొలిచే కాలమ్ ఎక్సెల్ షీటులో ఉండదు.

కిడ్నీ చెడితే ఎముకకేం?

ఈ సంగతి మన శ్రీకాకుళం వాళ్లకు వేరే చెప్పక్కర్లేదేమో. ఉద్దానంలో కవిటి, సోంపేట, కంచిలి, వజ్రపుకొత్తూరు వైపు కిడ్నీ జబ్బు ఎందుకు ఇంతగా ఉందో ఇప్పటికీ తేలలేదు. డయాలిసిస్ మీదున్న మనిషి 'ఎముకల్లో లాగుతోంది' అంటే ఇంట్లోవాళ్లు నీరసం అనుకుంటారు.

మనకు ఎండ నుంచీ తిండి నుంచీ అందే విటమిన్ డి నేరుగా పనికిరాదు. దాన్ని చివరి మెట్టులో పనికొచ్చేలా మార్చేది కిడ్నీలే. రక్తంలో ఎక్కువైన ఫాస్ఫరస్‌ను బయటికి పంపేదీ అవే. కిడ్నీ చెడితే విటమిన్ డి పనిచేయదు, కాల్షియం తగ్గుతుంది, ఫాస్ఫరస్ పేరుకుంటుంది. మెడలో థైరాయిడ్ వెనకుండే బియ్యపు గింజంత పారాథైరాయిడ్ గ్రంథులు దీన్ని పసిగట్టి హార్మోన్ పెంచేస్తాయి. ఆ హార్మోన్ పని ఎముకలోంచి కాల్షియం తీసి రక్తంలో పోయడం. ఇల్లు గడవక బంగారం కుదువ పెట్టినట్టు, రక్తం కోసం శరీరం ఎముకను కరిగిస్తుంది.

దీనికి కోడ్ కోసం ఎముకల అధ్యాయంలో వెతికితే దొరకదు. కిడ్నీ జబ్బులున్న 14వ అధ్యాయంలో ఎన్25.0 అని ఉంటుంది, పేరు రీనల్ ఆస్టియోడిస్ట్రోఫీ. హార్మోన్ పెరిగిన దశకు ఎన్25.81 అని ఇంకోటి. వెంట కిడ్నీ జబ్బు ఏ దశలో ఉందో ఎన్18, డయాలిసిస్ ఉంటే జెడ్99.2. ఈ ఎముక జబ్బు అసలు ఇల్లు కిడ్నీయేనని పట్టిక తయారుచేసినవాళ్లు నిర్ణయించారన్నమాట. ఇక్కడా షరతు అదే, డయాలిసిస్ పేషెంటుకు ఎముక నొప్పి ఉన్నంత మాత్రాన ఎన్25.0 వేయకూడదు. కిడ్నీ వల్లే అని డాక్టరు అనాలి. అది తెలిస్తే మామూలు ఎముకల మందు కాకుండా ఫాస్ఫరస్ తగ్గించే మాత్రలు, తిండి మార్పులు, తగిన రకం విటమిన్ డి ఇస్తారు. గుల్లబారిన ఎముకలకిచ్చే కొన్ని మందులను కిడ్నీలు బాగా చెడినవాళ్లకు ఇవ్వడమే కుదరదు.

మన చీటీలో ఏముంది?

హైదరాబాద్‌లో కూర్చుని టెక్సాస్ పేషెంటు ఎముకకు కారణం వెతికే అమ్మాయి, ఇంటికెళ్లి నాన్న ఓపీ చీటీ చూస్తే ఏముంటుంది? నడుం నొప్పి, ఒక గ్యాస్ మాత్ర, ఒక నొప్పి మాత్ర, కాల్షియం. డాక్టర్లను అనడానికి కాదు, ఒక్కో పేషెంటుకు మూడు నిమిషాలు కూడా దొరకని ఓపీలో 'ఎందుకు' అని రాసే తీరిక ఎక్కడిది? కానీ మన ఆరోగ్య బీమా క్లెయిము ఫారంలో ఆస్పత్రి నింపే భాగం ఒకసారి చూడండి. అసలు జబ్బు, అదనపు జబ్బు, వెంట ఉన్న ఇతర జబ్బులు అని గడులుంటాయి, పక్కనే ఐసీడీ-10 కోడ్ రాయాలని ఉంటుంది. అంటే ఇదే వ్యవహారం మన దగ్గరకూ వచ్చేసింది.

డిశ్చార్జ్ సమ్మరీ చేతికి వచ్చేటప్పుడు అడగాల్సింది చిన్న మాట. "ఎముక ఎందుకు విరిగిందో ఇందులో రాశారా సార్?" ఆయాసానికో కీళ్లనొప్పులకో చర్మం జబ్బుకో స్టెరాయిడ్ వాడుతుంటే, అందులోనూ మూడు నెలలు దాటితే, ఆ మందు పేరు, ఎంతకాలంగా వాడుతున్నదీ ఎముకల డాక్టరుకు చెప్పాలి. పేరు తెలియని పొడులు, కీళ్లనొప్పుల బిళ్లలు ఏవైనా మింగుతుంటే వాటినీ పట్టుకెళ్లాలి. చదివి భయపడి స్టెరాయిడ్‌ను మీ అంతట మీరు ఒక్కసారిగా ఆపేయొద్దు, అది ప్రాణం మీదకు తెస్తుంది. కిడ్నీ డాక్టరు ఫైలు, క్యాన్సర్ ఆస్పత్రి ఫైలు ఎముకల డాక్టరుకు తెలియవు. మోసుకెళ్లాల్సింది మనమే.

ఇంతకీ ఆ అమెరికా పట్టికలో అచ్చంగా మన ఊరి జబ్బు ఒకటుంది. ఎం85.1, స్కెలిటల్ ఫ్లోరోసిస్. మన ప్రాంతంలో ఫ్లోరైడ్ నీళ్లు ఎముకలను వంచేస్తున్నాయని 1937లో అప్పటి మద్రాసు ప్రెసిడెన్సీలోని నెల్లూరు జిల్లాను చూసి పరిశోధకులు రాశారు. నల్గొండ సంగతి 1955లో డాక్టర్ సిద్ధిఖీ 'బ్రిటిష్ మెడికల్ జర్నల్'లో రాశారు. 1973లో జాతీయ పోషకాహార సంస్థకు చెందిన కృష్ణమాచారి, కృష్ణస్వామి ఫ్లోరైడ్ ఊళ్లలో పిల్లల మోకాళ్లు లోపలికి వంగిపోవడం గురించి 'లాన్సెట్'లో రాశారు. లీటరు నీళ్లలో ఒకటిన్నర మిల్లీగ్రాములు దాటకూడదని ప్రపంచ ఆరోగ్య సంస్థ గీసిన గీతకు ఎన్నో రెట్లు ఎక్కువ ఫ్లోరైడ్ తాగిన ఊళ్లవి. కృష్ణా నీళ్లు వచ్చాక పుట్టినవాళ్ల సంగతి వేరు. ముందే వంగిన నడుములు మాత్రం ఇంకా ఊళ్లలో తిరుగుతూనే ఉన్నాయి.

అమెరికా చార్ట్‌లు చూసే మన కోడర్లలో చాలామందికి సర్వీసంతా ఆ కోడ్ వేసే పని పడకపోవచ్చు. నేర్చుకునేటప్పుడు మాత్రం దాని కింద ఉపవిభాగాలు కనిపిస్తాయి. భుజానికి ఒకటి, చేతికి ఒకటి, తొడకు ఒకటి, పాదానికి ఒకటి... ఎక్కడ జబ్బుందో అక్కడి అంకె వేయాలి. మర్రిగూడ, నాంపల్లి మండలాల్లోని ఏ పాత పేషెంటుకో వేయాల్సి వస్తే అవేవీ సరిపోవు. జాబితా చివర ఎం85.19 అని ఉంటుంది, దానర్థం 'ఒకటికి మించిన చోట్ల'.